హాలీవుడ్ దయ చూపిందట!

ఏ గ్రూపు తెరిచినా ఇదే మెసేజ్: "నల్లజాతి అమెరికన్లు సొంతంగా సినిమాలు తీసింది లేదు. 'బ్లాక్ పాంథర్'తో హాలీవుడ్డే దయతలిచి దారి చూపింది. ఆస్కార్లు జాలితో ఇస్తున్నారు. వాళ్ళ సినిమాలు బయటి దేశాల్లో ఆడవు. ఈ మోజు నాలుగేళ్ళే." పంపేదేమో చదువుకున్న మిత్రులు.

బయట ఆడవా? 2018లో ఆ 'బ్లాక్ పాంథరే' 130 కోట్ల డాలర్లకు పైగా వసూలు చేస్తే, అందులో దాదాపు సగం అమెరికా బయటిదే.

ఇక జాలి. 1940లో నల్లజాతి నటి హాటీ మెక్‌డానియెల్‌కు ఆస్కార్ ఇచ్చిన రాత్రి, తోటి నటులతో కాకుండా విడిగా ఓ టేబుల్ దగ్గర కూర్చోబెట్టారు. నల్లజాతి స్త్రీకి ఉత్తమ నటి అవార్డు దక్కేసరికి 2002 వచ్చింది. జాలి పొంగిపొర్లింది, పాపం.

ఒళ్ళు మండేది మాత్రం ఆ మొదటి వాక్యానికి. ఆస్కర్ మిషో దక్షిణ డకోటాలో సేద్యం చేసుకున్న మనిషి. నవలలు రాసి ఇంటింటికీ తిరిగి అమ్ముకున్నాడు. లింకన్ అనే నల్లజాతి కంపెనీ ఆయన నవలను తెరకెక్కిస్తామని వస్తే, డైరెక్షన్ నాకే ఇవ్వాలన్నాడు. బేరం చెడింది. దాంతో తనే షేర్లు అమ్మి, రైతుల దగ్గర కూడా డబ్బు పోగుచేసి, 1919లో 'ది హోమ్‌స్టెడర్' తీశాడు. మరుసటి ఏడు 'వితిన్ అవర్ గేట్స్'. మూక ఓ నల్లజాతి కుటుంబాన్ని ఉరితీసే దృశ్యం ఉందని, 1919లో లాగే మళ్ళీ జాతి అల్లర్లు రేగుతాయని షికాగో సెన్సార్ వాళ్ళు మొదట ఒప్పుకోలేదు. ఇలా నలభై దాకా తీశాడు. అందులో చాలా సినిమాల ప్రింట్లే మిగల్లేదు. 'వితిన్ అవర్ గేట్స్' కూడా పోయిందనుకున్నాక స్పెయిన్‌లో దొరికింది, అదీ స్పానిష్ టైటిళ్ళతో. ప్రింట్లు దాచిపెట్టే దిక్కు లేకుండా చేసి, ఇప్పుడు అసలు తీయనే లేదంటే ఎలా సార్?

ఆ నాలుగేళ్ళ మాట మాత్రం ఒప్పుకుంటాను. 1971లో నల్లజాతి హీరోతో వచ్చిన 'షాఫ్ట్' డబ్బులు తెచ్చిందని అలాంటి సినిమాలకు ఎగబడిన స్టూడియోలు, ఆ దశాబ్దం ముగియకముందే మొహం చాటేశాయి. మోజు వాళ్ళదే, తీరిపోయేదీ వాళ్ళకే.

అందుకే 'బ్లాక్ పాంథర్' దర్శకుడు ర్యాన్ కూగ్లర్ 2025లో వచ్చిన 'సిన్నర్స్' హక్కులు 25 ఏళ్ళకు తనకే తిరిగి వచ్చేలా వార్నర్ బ్రదర్స్‌తో రాయించుకున్నాడు. రేపు అందరూ ఇదే అడిగితే మా గతేంటని స్టూడియోల వాళ్ళు గగ్గోలు పెట్టారు.