జ్వాలా, శూన్యమూ, గోరుచిక్కుడూ

(రాజమండ్రి, దానవాయిపేట. మేడ మీద వాటా. సాయంత్రం ఆరు. ఆయన రిటైరై ఏడు నెలలైంది. ఆవిడ రిటైరవలేదు, అవుతానన్న ఆశ కూడా లేదు. హాల్లో చాప మీద ఆయన కళ్ళు మూసుకుని కూర్చున్నారు. పక్కన ఆవిడ గోరుచిక్కుళ్ళకి ఈనెలు తీస్తోంది.)

ఆవిడ: ఏమండీ, మోటారు ఆపారా?

ఆయన: ...

ఆవిడ: ఏమండీ!

ఆయన: అబ్బ! ఆర్పేశావు కదే.

ఆవిడ: నేనా? మోటారా?

ఆయన: జ్వాలని. ఇప్పుడిప్పుడే అంటుకుంది.

ఆవిడ: అయ్యో, ఎక్కడ? (వంటింట్లోకి తొంగి చూసి) గ్యాసు కట్టేసే ఉందే!

ఆయన: అక్కడ కాదు, మనసులో. అబ్బాయి అమెరికా వెళ్తూ అటక మీద పడేసిన ఇంగ్లీషు నవలలు లేవూ, వీల్ ఆఫ్ టైమ్ అని? అందులో రాండ్ అనే కుర్రాడికి వాళ్ళ నాన్న టామ్ నేర్పిన విద్య ఇది. మనసులో ఒక జ్వాలని ఊహించుకోవాలి. భయం, కోపం, ద్వేషం, ఏది వస్తే అది అందులో వేసేయాలి. అన్నీ కాలిపోయాక మిగిలేది శూన్యం. ఆ శూన్యంలో నిలబడి బాణం వేస్తే గురి తప్పదు.

ఆవిడ: మీరిప్పుడు బాణం ఎవరి మీద వేస్తారు?

ఆయన: ప్రశాంతత కోసమే!

ఆవిడ: దీనికి అమెరికావాడు రాయాలా? మా తాతగారు రోజూ దీపం ముందు కూర్చుని, కళ్ళ వెంట నీళ్ళు కారేదాకా రెప్ప వేయకుండా చూసేవారు. త్రాటకం.

ఆయన: తెలుసులే. హఠయోగ ప్రదీపికలో చెప్పిన షట్కర్మల్లో అదొకటి. దానికి నిజం దీపం కావాలి. దీనికి ఏమీ అక్కర్లేదు.

ఆవిడ: అయితే నూనె కలిసొస్తుంది. ఆ ఒక్కటీ బాగుంది.

ఆయన: నీకు వెటకారం. అర్జునుడు చేసింది మాత్రం ఏంటి? ద్రోణుడు అడిగితే పిట్ట తల తప్ప ఇంకేమీ కనపడట్లేదన్నాడు.

ఆవిడ: ఆయనకి పిట్ట తలైనా కనపడింది. మీకు ఎదురుగా ఉన్న కళ్ళజోడు కనపడదు. అయినా అర్థంకాక అడుగుతాను, ఖాళీ చేసుకోవాల్సినంత సామాను మీ బుర్రలో ఎక్కడుందండీ?

(ఆయన దీన్ని కూడా జ్వాలలో వేశారు. పెద్ద మాట కదా, కాలడానికి కాస్త టైమ్ పట్టింది.)

ఆవిడ: ఎన్ని పుస్తకాలవి?

ఆయన: పద్నాలుగు. మొదటిది 1990లో వచ్చింది, చివరిది 2013లో. పాపం, రాసిన రాబర్ట్ జోర్డన్ 2007లోనే పోయాడు. మిగతాది బ్రాండన్ శాండర్సన్ పూర్తిచేశాడు. అచ్చం మన భారతంలాగే! నన్నయగారు ఈ ఊళ్ళోనే మొదలుపెట్టి, రెండున్నర పర్వాలకి ఆగిపోలేదూ?

ఆవిడ: తర్వాత తిక్కనగారొచ్చి పదిహేను పర్వాలు లాగించారు. మధ్యలో మిగిలిన అరణ్యపర్వం ముక్క ఎర్రన పూర్తిచేశారు. ఈ ఇంట్లో మీరు మొదలుపెట్టి వదిలేసిన వాటికి తిక్కనా నేనే, ఎర్రనా నేనే. బాల్కనీలో ఆ సగం రంగేసిన స్టూలు చూడండి.

ఆయన: (కళ్ళు మూసుకుని) స్టూలు... జ్వాలలోకి.

ఆవిడ: స్టూలు కాల్చేస్తే ఎలా? రంగేయండి! సరే, ఎలాగూ మంట పెట్టారు కాబట్టి నావి కూడా నాలుగు వేయండి. మన గృహప్రవేశంలో మీ అక్కయ్యగారు "పాయసంలో జీడిపప్పు లెక్కపెట్టి వేసినట్టుందే" అన్నారు చూడండి, ముందు అది.

ఆయన: ఎవరి బాధలు వాళ్ళే వేసుకోవాలి. ఇదేమన్నా భోగిమంటా, వీధిలో వాళ్ళంతా తలో పిడకా తెచ్చి పడేయడానికి?

ఆవిడ: మరి 1996లో మా అన్నయ్య దగ్గర మీరు తీసుకున్న ఇరవై వేలు? అది మీ బాధే కదా.

ఆయన: తీర్చేశాను!

ఆవిడ: పద్దెనిమిదే తీర్చారు.

ఆయన: ఆ రెండు వేలకీ వాడు మనింట్లో నెల్లాళ్ళు తిన్నాడు! పూటకి మూడు వడియాలు అదనంగా!

ఆవిడ: శూన్యం ఎంతవరకు వచ్చింది?

(ఆయన గట్టిగా గాలి పీల్చుకున్నారు. మళ్ళీ మొదటి నుంచి.)

ఆవిడ: అందులో ఆడవాళ్ళకి ఈ జ్వాల లేదా?

ఆయన: మీకు వేరే ఉంది. నువ్వొక గులాబీ మొగ్గవి అనుకోవాలి. వెలుగు తగిలి మెల్లగా విచ్చుకోవాలి. అప్పుడు లోకాన్ని నడిపే శక్తి నీలోకి వస్తుంది. మగవాళ్ళేమో ఆ శక్తితో కుస్తీ పట్టి లొంగదీసుకోవాలి. ఆడవాళ్ళు తామే దానికి లొంగిపోవాలి.

ఆవిడ: రాసింది మగాడేగా.

ఆయన: అంత తేలిగ్గా తీసేయకు. అక్కడ రాజులు కూడా ఆ శక్తి ఉన్న ఆడవాళ్ళకి హడలిపోతారు. మగవాళ్ళ వైపు శక్తి కలుషితమైపోయింది. దాన్ని వాడే మగాడికి మెల్లమెల్లగా పిచ్చెక్కుతుంది.

ఆవిడ: ఆడవాళ్ళకో?

ఆయన: వాళ్ళకేం కాదు.

ఆవిడ: సంసారం తెలిసిన మనిషిలా ఉన్నాడే! ఇంతకుముందు అన్నమాట వెనక్కి తీసుకుంటున్నాను. ఆ మొగ్గ సంగతి మాత్రం నావల్ల కాదు. పొద్దున్న ఐదింటికి పాలవాడు బెల్లు కొట్టగానే నేను ఒక్కసారే విచ్చుకుంటాను. మెల్లగా అంటే కుదరదు.

ఆయన: ఒక్క పది నిమిషాలు మాట్లాడకే. దండం పెడతాను.

ఆవిడ: మీరు వేసేయండి జ్వాలలో, నా మాటలు కూడా. నేను మాట్లాడుతూనే ఉంటాను. అసలు పరీక్ష అదే కదా?

(ఆ మాట ఆయనకి నచ్చింది. వెన్ను నిటారుగా పెట్టారు. జ్వాల వెలిగింది. వడియాలు కాలాయి. రెండు వేలు కాలాయి. జీడిపప్పు కాస్త చిటపటలాడింది కానీ అదీ కాలింది. ఆవిడ ఏదో అంటూనే ఉంది. ఆయనకి వినపడలేదు కాబట్టి మనకీ వినపడదు. పావుగంట గడిచింది. ఆయన మొహంలో ఎన్నడూ లేని తేజస్సు.)

ఆయన: (కళ్ళు తెరిచి) వచ్చిందే! శూన్యం! నువ్వన్న ముక్క ఒక్కటి వినపడితే ఒట్టు. ఎక్కడో దూరంగా జలపాతం చప్పుడు, అంతే.

ఆవిడ: అది మన ట్యాంకు.

(ఆయన పరుగెత్తారు. మోటారు ఆపి, పంచె మోకాళ్ళ దాకా తడుపుకుని తిరిగొచ్చారు. అప్పటికి ఆవిడ ఫోనులో మాట్లాడుతోంది.)

ఆవిడ: (ఫోనులో) ఆఁ అన్నయ్యా, అడిగాను. మూడుసార్లు అడిగాను. ఒక్క ముక్క అడ్డు చెప్పలేదు. పైగా నవ్వుతూ కూర్చున్నారు... నెల్లాళ్ళు ఏంటి, వదినకి మోకాళ్ళు తగ్గేదాకా ఉండండి... అలాగే, తెల్లారి గౌతమికి ఈయన స్టేషన్‌కి వస్తారు. ఉంటాను.

ఆయన: ఎవరు? ఎవరు వస్తున్నారు?

ఆవిడ: అభ్యంతరం ఉంటే ఇప్పుడే చెప్పండని అడిగాను కదండీ. మీరెక్కడున్నారో మరి.

(ఆయన మళ్ళీ చాప మీద కూలబడి కళ్ళు మూసుకున్నారు. ఒక నిమిషం. రెండు నిమిషాలు.)

ఆవిడ: వెలిగిందా?

ఆయన: చాలట్లేదు. ఆ స్టూలు కూడా ఇలా తే.

ఆవిడ: స్టూలు సంగతి తర్వాత. అటక మీద వడియాల డబ్బా ఉంది, అది దింపండి ముందు.