బానియోనిస్ ముఖం, అరువు గొంతు

‘సొలారిస్’ అనే సోవియట్ సినిమా చూసినవాళ్లెవరూ అందులో హీరో క్రిస్ కెల్విన్‌ని మర్చిపోరు. కానీ 1972లో జనం విన్నది ఆ పాత్ర వేసిన డొనాటస్ బానియోనిస్ గొంతు కాదు, డబ్బింగ్ చెప్పిన వ్లదీమిర్ జమాన్‌స్కీది. అంతకు నాలుగేళ్ల ముందు ‘డెడ్ సీజన్’ సినిమాలో ఈ లిథువేనియా నటుడు సోవియట్ గూఢచారి. అందులో డబ్బింగ్ చెప్పింది అలెక్సాందర్ దెమ్యానెంకో. షూరిక్ అనే కళ్లజోడు కుర్రాడిగా దేశాన్నంతా నవ్వించిన నటుడు!

రష్యన్‌ని లిథువేనియా యాసతో మాట్లాడే గూఢచారిని ఎవరు నమ్ముతారు, ఆ డబ్బింగ్ వల్లేగా బానియోనిస్ దేశమంతా తెలిశాడు, 1974లో సోవియట్ ప్రజా కళాకారుడి బిరుదూ ఇచ్చారుగా అంటారు కొందరు. ఇచ్చారు, కాదనను. ముఖం కావాలి, మాట మాత్రం వద్దు. ఇదేం లెక్క?

గొంతు పోయాక మిగిలినదాంతోనే బానియోనిస్ ఆడాడు. ‘డెడ్ సీజన్’లో గూఢచారుల మార్పిడి చూడండి. ఇద్దరు ఎదురెదురుగా నడిచొస్తారు, ఒకరినొకరు చూసుకుంటారు, అంతే. ‘సొలారిస్’ చివర్లో ఇంటి లోపల వాన కురుస్తుంటుంది. కిటికీ అవతల నుంచి కొడుకు కెల్విన్ చూస్తాడు. తండ్రి గడప దాకా వస్తే మోకాళ్ల మీద కూలబడతాడు. ఈ రెండు చోట్లా డబ్బింగ్ కళాకారుడికి పనే లేదు. నా దృష్టిలో ఆయన మిగతా నటనంతా వీటి తర్వాతే.

ఇది ఆయనొక్కడి కథా కాదు. 1971 నాటి ‘కింగ్ లియర్’లో రాజు ఎస్టోనియావాడైన యూరి యార్వెత్, గొంతు జినోవీ గెర్ట్‌ది. అదే సినిమాలో నటించిన ఆడొమైటిస్, బుడ్రైటిస్, బానియోనిస్ ముగ్గురూ లిథువేనియన్లే. విదేశీయుడిలా కనిపించే మనిషి కావాలంటే సోవియట్ దర్శకుల చూపు లిథువేనియా, ఎస్టోనియాలున్న బాల్టిక్ తీరం వైపే వెళ్లేది.

మరి ఆ మనిషిని తయారుచేసిందెవరు? రాజధాని కాదు, లిథువేనియాలోని పానెవెజిస్ అనే చిన్న ఊరు. పారిస్‌లో ఫ్రెంచ్ నాటక దర్శకుడు షార్ల్ ద్యులాఁ దగ్గర నేర్చుకుని వచ్చిన మిల్టినిస్ అనే దర్శకుడు అక్కడ థియేటర్ నడిపాడు. కౌనాస్ నగరంలో పింగాణీ పని నేర్చుకున్న బానియోనిస్ 1941లో అందులో చేరాడు, 1980 నుంచి 1988 వరకు దానికి డైరెక్టర్‌గానూ పనిచేశాడు. పెద్ద స్టూడియోలు పండిన కాయను కోసుకెళ్లాయి, చెట్టుకు నీళ్లు పోసింది మాత్రం ఈ ఊరు. మాస్కో, లెనిన్‌గ్రాడ్‌ల నుంచి నాటకాల పిచ్చోళ్లు ఆ ఊరికి ప్రయాణం కట్టేవాళ్లు. సినిమాల్లో అన్నేళ్లు చూసిన మనిషి సొంత గొంతు వినాలంటే అక్కడ టికెట్ కొనాల్సిందే.