వెస్ట్‌మినిస్టర్ గడప మీద కూర్చుని రాసిన చరిత్ర

రాజకీయ విలేకరులు చరిత్ర రాయడం బ్రిటన్‌లో పాత సంప్రదాయమే. ఈ తరంలో ఆ పనిని జనంలోకి బాగా తీసుకెళ్లినవారిలో ఆండ్రూ మార్ ఒకరు. 1981లో స్కాట్స్‌మన్ పత్రికలో చేరారు. తర్వాత ‘ఇండిపెండెంట్’ అనే పత్రికకు ఎడిటరయ్యారు. 2000 నుంచి 2005 దాకా బీబీసీ రాజకీయ సంపాదకుడిగా ప్రధాని ఇంటి ముందు నిలబడి దేశానికి వార్తలు చెప్పారు. అధికారానికి అంత దగ్గరగా మెలిగిన మనిషి రాసిన చరిత్రను ఎలా చదవాలన్నది నాకు ముఖ్యమైన ప్రశ్న.

2007లో వచ్చిన ‘ఎ హిస్టరీ ఆఫ్ మోడరన్ బ్రిటన్’ రెండో ప్రపంచయుద్ధం తర్వాతి కథ. అది విచిత్రమైన కాలం. యుద్ధం సాగినన్నాళ్లూ రొట్టెకు రేషన్ లేదు. గెలిచాక 1946 జులైలో పెట్టారు, 1948 జులైలో గానీ తీయలేదు. అందరికీ ఉచిత వైద్యం మొదలైందీ సరిగ్గా ఆ నెలలోనే. తినే రొట్టెను తూచి ఇస్తున్న ప్రభుత్వమే పేదవాడి వైద్యం ఖర్చును నెత్తికెత్తుకుంది. రాజకీయాల్లోని అలాంటి పెద్ద పెద్ద ఆశయాలన్నీ చివరికి జనం షాపింగ్ మోజు ముందు ఓడిపోయాయన్నది మార్ వాదన. నాయకుల పంతాలు, భయాలు, అలకలు ఆయన రాసినంత చురుగ్గా విశ్వవిద్యాలయ చరిత్రకారుల్లో చాలామంది రాయలేరు. బ్రిటన్‌లో స్థిరపడాలనుకునే మనవాళ్లు ‘లైఫ్ ఇన్ ద యూకే’ పరీక్షలో 24 ప్రశ్నలకు జవాబులు బట్టీ పట్టి గట్టెక్కుతారు. ఆ తేదీల వెనకున్న మనుషులు కావాలంటే ఇలాంటి పుస్తకం తెరవాల్సిందే.

కానీ ఆ ముగింపు వాదన నిలబడలేదు. పుస్తకం వచ్చిన ఏడాదే, సెప్టెంబరులో, నార్తర్న్ రాక్ బ్యాంకు ముందు డిపాజిటర్లు బారులు తీరారు. మరుసటి ఏడాది పెద్ద బ్యాంకులను ప్రజల సొమ్ముతో నిలబెట్టాల్సి వచ్చింది. 2016 జూన్ 23న 51.9 శాతం మంది యూరోపియన్ యూనియన్‌ను వదిలేద్దామని ఓటేశారు. అప్పుడు కొనుగోలుదారుల దేశంలో రాజకీయం ఒక్కసారిగా ఇంటింటి గొడవైంది. ప్రధాని టోనీ బ్లెయిర్ ఏలుబడి చివరినాళ్ల మూడ్‌ను మార్ అరవై ఏళ్ల చరిత్రకు తీర్పుగా ఇచ్చేశారు.

ఇది ఆయనకు కొత్త కాదు. 2003 ఏప్రిల్ 9న బాగ్దాద్ పతనమైన రాత్రి ప్రధాని నివాసముండే డౌనింగ్ స్ట్రీట్ ముందు నిలబడి, ఈ రాత్రి బ్లెయిర్ మరింత పెద్ద మనిషిగా, మరింత బలమైన ప్రధానిగా నిలిచారని చెప్పారు. ఆ యుద్ధానికి కారణంగా చూపిన సామూహిక విధ్వంసక ఆయుధాలు దొరకలేదు, ఇరాక్ రక్తసిక్తమైంది. ఆ మాట మాత్రం ఇప్పటికీ ఆయన్ను వెంటాడుతూనే ఉంది. ఆ రాత్రి గాలి ఎటు వీచిందో ఆయన సరిగ్గానే పట్టుకున్నారు, దాన్నే ఫలితం అనుకున్నారు.

అందుకే ఆయన పుస్తకాల్లో నాకు ఎక్కువ నచ్చింది 2004 నాటి ‘మై ట్రేడ్’. అందులో విషయమే పత్రికా రచన కాబట్టి ఈ దగ్గరితనం దాచాల్సిన అవసరం లేదు. పేరు బయటపెట్టకూడదన్న షరతు మీద నేతలు చెవిలో వేసే కబుర్లతో నడిచే లాబీ వ్యవస్థను లోపలి మనిషిగా చెబుతారు. తన ఎడిటర్ ఉద్యోగం ఊడిన వైనమూ అందులో ఉంది.

చరిత్రగా మాత్రం 2009లో వచ్చిన ‘ది మేకింగ్ ఆఫ్ మోడరన్ బ్రిటన్’ను ముందు చదవమంటాను. విక్టోరియా రాణి మరణం నుంచి 1945 దాకా నడిచే ఆ కథలో పెద్దలెవరూ ఆయనకు ఫోన్ చేసి తమ వైపు కథ వినిపించలేరు. 1909లో ఆర్థికమంత్రి లాయిడ్ జార్జ్ భూస్వాముల మీద పన్నులతో బడ్జెట్ పెట్టడం, పార్లమెంటు ఎగువ సభ అయిన ప్రభువుల సభ దాన్ని తిరగ్గొట్టడం, 1910లో రెండు ఎన్నికలు, 1911 చట్టంతో ఆ సభ కోరలు పీకడం: అదంతా ఎలా ముగిసిందో తెలిశాక రాసినది, అందుకే అక్కడ ఆయన తీర్పులకు తొందర లేదు.