తలసరి ఆదాయం గారికి ఓ కోనసీమ తల రాసుకున్న ఉత్తరం

ఆయ్, తలసరి ఆదాయం గారూ, నమస్కారమండి.

అందరి ఆదాయాన్నీ కలిపి తలల లెక్కన భాగిస్తే వచ్చే సగటు కదండీ మీరు. ప్రతి ఏడాదీ బడ్జెట్ టైంలో మీరు పేపర్లో కనపడతారు, మళ్ళీ పెరిగానంటారు, మేం చదివి జేబులు తడుముకుంటాం. నా వాటా ఎవరి దగ్గరుందో ఒక్క ముక్క చెప్తే బండేసుకెళ్ళి తెచ్చుకుంటానండి, పెట్రోలు ఖర్చు కూడా నాదే. మా ఊరి రొయ్యల చెరువుల ఆసామి దగ్గరుండొచ్చని అనుమానం, మొహమాటం కొద్దీ అడగలేదు.

మీ పద్ధతి నాకు సఖినేటిపల్లి రేవులో అర్థమైంది. గోదారి దాటించే పంటు మీద కొబ్బరి దింపు కార్మికులు, చేపల తట్టలతో ఆడాళ్ళు, కాలేజీ కుర్రాళ్ళు ఉన్నాం, ఆఖర్న ఒక ఫార్చ్యూనర్ ఎక్కింది, అంతే, గోదాట్లో ఉన్నంతసేపూ సగటున అందరం లక్షాధికారులం. నర్సాపురం రేవులో కారు దిగిపోయింది, మేం మళ్ళీ మామూలే. టికెట్ మాత్రం ఎవరిది వాళ్ళే తీసుకున్నాం.

మీరు మొదట్నుంచీ ఇలాంటోరు కాదులెండి. దాదాభాయ్ నౌరోజీ గారు 1860ల చివరి లెక్కలు తీసి, ఈ దేశంలో మనిషికి ఏడాదికి 20 రూపాయలే వస్తోందని తేల్చి, అదే పట్టుకుని తెల్లదొరల్ని నిలదీశారు. అప్పుడు మీరు పేదోడి తరఫు సాక్షి. ఇప్పుడేమో అవతలి పార్టీలో చేరిపోయారు, మా దగ్గర అదేం వింత కాదనుకోండి. 2022 ప్రపంచ అసమానతల నివేదికలో మన దేశ ఆదాయంలో 57 శాతం పైనున్న పది శాతం మందికే పోతోందని, కింద సగం మంది 13 శాతంతో సర్దుకుంటున్నారని ఉంది. ఆ రెండింటినీ కలిపి మీరు మాకు తలా ఇంత అని పంచేస్తారు, కాగితం మీద.

మా వీధిలో చాలా ఇళ్ళ నుంచి ఎవరో ఒకరు కువైటో మస్కటో వెళ్ళి ఇళ్ళల్లో పని చేస్తున్నోళ్ళే. కువైట్ తలసరి మనకి పదింతల పైమాట, ఆ లెక్కలో అక్కడున్న పరాయి దేశపు పనోళ్ళ తలలు కూడా ఉంటాయి, అంటే మా పిన్ని అంట్లు తోముతూ తోముతూనే అక్కడ షావుకారు. ఆ సంగతి ఆవిడకి ఇంతవరకూ ఎవరూ ఫోన్ చేసి చెప్పలేదు.

అసలు విషయానికొస్తా. అట్టడుగు పది శాతంలో ఉన్న కుటుంబం మిమ్మల్ని, అంటే దేశ సగటుని, అందుకోడానికి ఎన్ని తరాలు పడుద్దని 2018లో ఓఈసీడీ వాళ్ళు, అంటే ఎక్కువగా డబ్బున్న దేశాల కూటమి వాళ్ళు, అంచనా కట్టారు. డెన్మార్క్‌లో 2, అమెరికాలో 5, దక్షిణాఫ్రికాలో 9, కొలంబియాలో 11. మనకి 7. మా ఆసామి ఆస్తి గురించి కూడా ఊళ్ళో అదే మాట, ఏడు తరాలు కూర్చుని తిన్నా తరగదని. ఎంత బాగా కుదిరిందో చూడండి, ఆయన వంశం తిని చెయ్యి కడుక్కునే టైంకి మావోళ్ళు విస్తరి దగ్గరికొస్తారు.

పోనీ ఆగుదామంటే, ధవళేశ్వరం ఆనకట్ట 1852లో పూర్తయింది, తరానికి పాతికేళ్ళేసుకుంటే అప్పట్నుంచి దగ్గరదగ్గర ఏడు తరాలు అయిపోయాయండి. నీళ్ళొచ్చాయి, భూములున్నోళ్ళు లేచారు, మా నాన్న ఇంకా కౌలే. కౌలు కార్డుకి ఓనరు సంతకం కావాలి, 2019 చట్టం అలాగే ఉంది, సంతకం అనగానే హైదరాబాద్‌లో ఉన్న ఓనరు గారి ఫోన్‌కి సిగ్నల్ పోద్ది. కార్డు లేకపోతే బ్యాంకు లోను లేదు, అయిదు రూపాయల వడ్డీకి బయట తేవాలి. సార్వా కోతల్లో తుఫానొచ్చి చేను పడిపోతే పరిహారం పట్టాదారు ఎకౌంట్లో పడుద్ది, కౌలు బస్తాలు మాత్రం మేం కొలవాల్సిందే.

ఒక మనవండి. పదో తరగతి లెక్కల పుస్తకంలో మీ పక్కనే మధ్యగతం అని మీ తమ్ముడొకడు ఉండేవాడు, అందర్నీ తక్కువ నుంచి ఎక్కువకి లైన్లో నిలబెట్టి సరిగ్గా మధ్యలో ఉన్నోణ్ణి నీకెంతొస్తదని అడుగుతాడు, ఆసామికి ఇంకో కోటి వచ్చిపడినా వాడు కదలడు. వచ్చే బడ్జెట్‌కి మీరు రెస్ట్ తీసుకుని వాణ్ణి పంపండి. లైను కోసం పెద్దగా కష్టపడక్కర్లేదు, రేషన్ డిపో దగ్గర ఎలాగూ ఉంటది, తెల్లకార్డు ఆసామికి కూడా ఉంది కాబట్టి ఎవరూ మిస్సవ్వరు.

ఇట్లు,
మీరు భాగించే తలల్లో ఒకటి