కాలం లేదనే పెద్దాయనను ఏమడగాలి?

కాజీపేటలో నాకు తెలిసిన ఒక పెద్దాయన ఉన్నారు. రైల్వేలో చేసి రిటైరయ్యారు. కాలమనేది లేదని, ఐన్‌స్టీన్ పొరబడ్డాడని ఆయన గట్టి నమ్మకం. సొంత డబ్బులతో అచ్చేయించుకున్న పుస్తకాలు సంచిలో వేసుకుని హన్మకొండ కాలేజీల చుట్టూ తిరుగుతుంటారు. అట్ట మీద ముళ్లు లేని గడియారం బొమ్మ. "కాలమన్నది లేనే లేదు బిడ్డా, ఉన్నదంతా మార్పే" అంటారు. లెక్చరర్లు పుస్తకం తీసుకుని దండం పెడతారు, చదవరు. యూట్యూబ్ చానళ్ల వాళ్లు మాత్రం ఇంటికే వచ్చి ఆయన్ను ప్రపంచ మేధావిని చేసి పోతున్నారు. వాళ్లూ చదవరు.

రెండూ అన్యాయమే. కాలం ఉందా అన్నది పిచ్చి ప్రశ్నేం కాదు. బౌద్ధ తత్వవేత్త ఆచార్య నాగార్జునుడు కాలపరీక్ష పేరుతో ఒక ప్రకరణమే రాశాడు. ఇప్పటి భౌతిక శాస్త్రవేత్తల్లోనూ ఆ ప్రశ్న అడిగేవాళ్లున్నారు.

ఇలాంటి వాళ్లను కాదంటే "గెలీలియోను మాత్రం నమ్మారా?" అంటారు. అంతకన్నా గట్టి ఉదాహరణ మన కాళ్ల కిందే ఉంది. ఖండాలన్నీ ఒకప్పుడు కలిసే ఉండేవని 1912లో చెప్పిన ఆల్‌ఫ్రెడ్ వెజెనర్ వాతావరణ శాస్త్రవేత్త. భూగర్భ శాస్త్రవేత్తలకు బయటివాడు. చాలామంది కొట్టిపారేశారు. 1930లో గ్రీన్‌లాండ్ మంచులో చనిపోయాడు. ఆయన మాట 1960లలో గానీ నిలబడలేదు. ఆయన చూపించిన రుజువుల్లో గ్లాసాప్టెరిస్ అనే మొక్క శిలాజాలు ఒకటి. భారత్, దక్షిణాఫ్రికా, ఆస్ట్రేలియాల్లో అవే ఆకుల అచ్చులు. భూపాలపల్లి, రామగుండం గనుల్లోని బొగ్గు, ఆ ఖండాలన్నీ కలిసున్నప్పటి గోండ్వానా అనే మహాఖండపు అడవులదే. ఖండాలను కదిపే శక్తి గురించి వెజెనర్ చెప్పిన కారణం తప్పని తేలింది. అయినా శిలాజాలను ఎవరైనా వెళ్లి చూసుకోవచ్చు, రాతి పొరలను పోల్చుకోవచ్చు. అవి కలవకపోతే ఓడిపోవడానికి ఆయన చోటిచ్చాడు.

1213 నాటి రామప్ప గుడి శిఖరం ఇటుక నీళ్లలో తేలుతుందన్నా కట్టుకథలాగే ఉంటుంది. బకెట్ నీళ్లుంటే చాలు, సంగతి తేలిపోతుంది.

మరి కాలం లేదనే మాటకు ఆ బకెట్ ఏది? మన ఫోన్‌కు దారి చూపే జీపీఎస్ ఉపగ్రహాల గడియారాలు నేల మీది గడియారాల కన్నా రోజుకు సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి. వేగాన్ని, గురుత్వాకర్షణను బట్టి కాలం నడక మారుతుందనే ఐన్‌స్టీన్ సాపేక్షతతో అది ముందే లెక్కగట్టి సరిచేస్తారు. వదిలేస్తే ఒక్క రోజులోనే కిలోమీటర్ల తప్పు పేరుకుపోతుంది. పెద్దాయన పుస్తకం నేను మొత్తం చదివాను. ఐన్‌స్టీన్ మీద కోపం ఉంది, ఉపనిషత్తులున్నాయి, ఈ అంకె లేదు. అడిగితే గడియారాల లోపమన్నారు. అన్ని ఉపగ్రహాల్లో లోపం అంతే ఎందుకుంటుంది, అదీ ముందే ఎలా తెలిసిందన్నాను. కోప్పడలేదు. జేబులోంచి కాగితం తీసి, ఆ అంకె రాసుకుని, కింద రెండు గీతలు గీశారు. ఆ పుస్తకాన్ని ఇన్నేళ్లలో అంత దూరం ఎవరూ పట్టించుకోలేదని నాకప్పుడు అర్థమైంది.

వరంగల్‌లో ఎన్‌ఐటీ ఉంది, కాకతీయ యూనివర్సిటీ ఉంది. ఫిజిక్స్ డిపార్ట్‌మెంట్లు నెలకో సాయంత్రం తలుపులు తీసి, ఇలాంటి వాళ్లకు ఒక గంట బోర్డు అప్పగించడానికి బడ్జెట్ అక్కర్లేదు. షరతు ఒక్కటే పెట్టాలి: ఏం జరిగితే తన సిద్ధాంతం తప్పో వచ్చేవాళ్లు ముందే రాసివ్వాలి. పెద్దాయన లెక్కలో ఆ 38 వస్తుందో రాదో ఎమ్మెస్సీ పిల్లలు ఆయన ఎదుటే తేల్చగలరు.