అమ్మము, అద్దెకివ్వము, పడగొట్టము

జపాన్‌లోని గిఫు ప్రిఫెక్చర్‌లో, షో నది లోయలో, ఓగిమాచి అనే పల్లె ఉంది. అక్కడ చలికాలంలో మంచు మీటర్ల మందాన పేరుకుంటుంది. ఆ బరువు నిలవకుండా జారిపోయేందుకు ఇళ్ల కప్పులను దాదాపు 60 డిగ్రీల ఏటవాలుగా లేపారు. దూరం నుంచి రెండు అరచేతులు జోడించినట్టు కనిపించే ఆ కట్టడాన్ని వారు గస్షో-జుకురి, అంటే నమస్కార ముద్రలో కట్టినది, అంటారు. గొకయామ ప్రాంతంలోని ఐనొకురా, సుగనుమా పల్లెలతో కలిపి యునెస్కో 1995లో దీనిని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది.

ఈ కప్పు నిర్మాణంలో మేకులు లేవు. కలపను గడ్డితాళ్లతోనూ, లేత చెట్ల మెలితిప్పిన కొమ్మలతోనూ బిగిస్తారు. వాలు దూలాల మొనలను చెక్కి కింది దూలాల గుంటల్లో ఊరికే నిలబెడతారు కనుక పెనుగాలికి కప్పు కాస్త కదులుతుందే తప్ప విరగదు. తాటాకు పాక కప్పిన మన పెద్దలకు ఈ మెలకువ కొత్తగా తోచదు. ఇంటి నడుమ పొయ్యి నుంచి లేచే పొగ పైకి పాకి తాళ్లను, గడ్డిని పురుగు పట్టకుండా కాపాడింది. ఆ పొగ వెచ్చదనంలోనే అటకల మీద పట్టుపురుగులను పెంచారు. గొకయామలోనైతే నేల కింద సూరేకారం తయారుచేసి కగా సంస్థానానికి తుపాకిమందు కోసం పంపారు. వరి పండేందుకు చోటు చాలని లోయలో ఇల్లే పొలమూ, కార్ఖానా అయింది.

కింది చట్రం వరకే వడ్రంగుల పని, కప్పు ఊరందరిది. 30, 40 ఏళ్లకోసారి గడ్డి మార్చేటప్పుడు వందమందికి పైగా ఒకేసారి కప్పెక్కి ఒకటి రెండు రోజుల్లో ఒక వాలు ముగించే ఆనవాయితీని 'యుయి' అంటారు. నాట్లప్పుడు మన రైతులు ఒకరి చేలోకి ఒకరు బదులు వెళ్లడం వంటిదే ఇది.

రెండో ప్రపంచ యుద్ధానంతరం ఈ కట్టు సడలింది. 1961లో పూర్తయిన మిబొరో ఆనకట్ట కొన్ని ఊళ్లను ముంచింది, యువత నగరాలకు తరలింది, పాత ఇళ్లు ఊడదీసి అమ్ముడుపోయాయి. అప్పుడు, 1971లో, ఓగిమాచి వాసులే సంఘంగా ఏర్పడి ఇళ్లను అమ్మము, అద్దెకివ్వము, పడగొట్టము అని తీర్మానించుకున్నారు. ఊళ్లను గుంపుగా కాపాడే చట్టసవరణ 1975లో వచ్చింది; మరుసటి ఏడు ఈ పల్లెకు ప్రభుత్వ రక్షణ లభించింది. ఈ వరుసను మా పాఠకులు గమనించాలని కోరుతున్నాం. గడ్డి ఇళ్లకు నిప్పే పెద్ద శత్రువు కనుక ఊరంతటా నీటి ఫిరంగులు అమర్చి, ఏటా శరదృతువులో అన్నింటినీ ఒక్కసారిగా వదిలి పరీక్షిస్తారు. ఖ్యాతికి మూల్యమూ ఉంది: ఏటా పది లక్షలకు పైగా వచ్చే సందర్శకుల రద్దీని ఆ చిన్న ఊరు మోయవలసి వస్తోంది, కప్పుల పని కూడా చాలావరకు వృత్తి పనివారి చేతికి పోయింది.

ఇక మన సంగతి. గోదావరి జిల్లాల మండువా లోగిళ్లు, ఉత్తరాంధ్ర తీరపు చుట్టిళ్లు కూడా వానకు, గాలికి, ఉమ్మడి బతుకుకు తగ్గట్టు పుట్టినవే. లోగిలి కూలిన మర్నాటికి టేకు స్తంభాలు, చెక్కిన ద్వారబంధాలు పాతసామాను దుకాణం చేరుతున్నాయి. గుడికో కోటకో దక్కే రక్షణ ఒక వీధి మొత్తానికి అరుదు. మూడు తరాల వాటాల మధ్య, మరమ్మతుకు పైసా రాని ఇంటిని నిలుపుకోమని యజమానికి చెప్పడం న్యాయమూ కాదు. అందుకే ఇళ్లు ఇంకా వరుసగా మిగిలిన వీధులను పంచాయతీల ద్వారా గుర్తించాలని, కూల్చకుండా బాగుచేసుకునే వారికి కలప, పెంకు, పనివారి ఖర్చులో ప్రభుత్వాలు వాటా భరించాలని, షరతులు మాత్రం ఆ వీధి వారినే రాసుకోనివ్వాలని కోరుతున్నాం. మండువా కప్పు దించి మళ్లీ ఎక్కించగల వడ్రంగులు ఇంకా ఉండగానే ఈ పని మొదలుకావాలి.