లోటు అంకెలో కనపడని ధాన్యం బాకీ

దాళ్వా పెట్టుబడికి అప్పు తెచ్చిన కోనసీమ రైతును నష్టపోయాడని ఎవరూ అనరు. అదే కేంద్రానికి ద్రవ్యలోటు అనగానే నష్టం వచ్చిందనుకుంటాం. లోటంటే ఆ ఏడాది చేయాల్సిన అప్పు, అంతే. 2025-26 బడ్జెట్ అంచనాల్లో ఖర్చు 50.65 లక్షల కోట్లు. అప్పులు పోను రాబడి 34.96 లక్షల కోట్లు. మిగతా 15.69 లక్షల కోట్లే లోటు, అంటే జీడీపీలో 4.4 శాతం.

పేపర్లు ఈ 4.4 దగ్గరే ఆగిపోతాయి. అప్పు ఎందుకు తెచ్చారో తెలియాలంటే రెవెన్యూ లోటు, అంటే జీతాలు, వడ్డీల వంటి రోజువారీ ఖర్చుకు మామూలు రాబడి చాలక పడే తేడా చూడాలి. అది 5.24 లక్షల కోట్లు. చేపల చెరువు తవ్వుతానని తెచ్చిన సొమ్ములో మూడో వంతు కిరాణా కొట్టు ఖాతాకు కట్టినట్టు. ఇక పాత బాకీల మీద వడ్డీ 12.76 లక్షల కోట్లు. కొత్తగా తెచ్చే ప్రతి వందలో 81 రూపాయలు దానికే సరి.

ఈ అంకెలైనా పైకి కనపడతాయి. కనపడనిదీ ఒకటుంది, అది మన ధాన్యంలోనే ఉంది. గ్రేడ్-ఏ మద్దతు ధర 2025-26లో క్వింటాకు 2,389 రూపాయలు, మన 75 కిలోల బస్తాకు దాదాపు 1,792. మిల్లరు క్వింటా ధాన్యానికి 67 కిలోల పచ్చి బియ్యం అప్పజెప్పాలి. సేకరణ, నిల్వ, రవాణా ఖర్చుకూ, రేషన్ ధరకూ మధ్య తేడాను కేంద్రం సబ్సిడీగా భరించాలి. 2023 జనవరి నుంచి రేషన్ బియ్యం ఉచితం కాబట్టి మొత్తం ఖర్చూ దానిదే.

కొన్నేళ్లపాటు కేంద్రం ఆ సబ్సిడీ పూర్తిగా ఇవ్వకుండా, చిన్న మొత్తాల పొదుపు నిధి నుంచి అప్పు తెచ్చుకోమని ధాన్యం సేకరించే కేంద్ర సంస్థ ఎఫ్‌సీఐకి (భారత ఆహార సంస్థ) చెప్పింది. అమలాపురం పోస్టాఫీసులో మనం కొన్న కిసాన్ వికాస పత్రం డబ్బు జమయ్యేది ఆ నిధిలోనే. అప్పు ఎఫ్‌సీఐ పేరున ఉంది గనక లోటులోకి ఎక్కలేదు. 2021 ఫిబ్రవరి బడ్జెట్‌లో ఆర్థిక మంత్రి నిర్మలా సీతారామన్ ఈ పద్ధతికి స్వస్తి పలికి, పాత బాకీ తీర్చారు. 2020-21 ఆహార సబ్సిడీ 1.15 లక్షల కోట్ల అంచనా నుంచి సవరించిన అంచనాల్లో 4.22 లక్షల కోట్లకు ఎగబాకింది. అందులో కరోనా కాలపు ఉచిత బియ్యం కొంత ఉన్న మాట నిజమే. మిగతాది మాత్రం దాచిన అప్పు బయటపడటమే. అది మంచి పనేనని నా అభిప్రాయం, ఆలస్యంగా జరిగినా.

ఇంకో కిటుకు ఉంది. మన బడ్జెట్లు నగదు లెక్కలు. మార్చి 31లోగా చెల్లించని బిల్లు ఆ ఏడాది లోటులోకి రాదు, కేంద్రానిదైనా రాష్ట్రానిదైనా. ధాన్యం డబ్బులు పడక రైతు కమీషన్ వ్యాపారి దగ్గర వడ్డీకి తెస్తే, ఆ అప్పు ఏ బడ్జెట్ పుస్తకంలోనూ ఉండదు.